భార్గవి ఏమైనట్టు?

సినిమా బాగాలేదని నేననడం లేదు. ఆ మాట ముందే చెప్పేస్తే సగంమందికి కోపం చల్లారుతుంది. 2018 సెప్టెంబరు 7న ‘కేరాఫ్ కంచరపాలెం’ విడుదలైంది మొదలు దాన్ని మెచ్చుకోని మనిషి నాకింతవరకు తారసపడలేదు. మెచ్చుకోవలసిందే మరి! పెద్ద హీరో లేడు, విదేశాల్లో పాట లేదు, ఒక్క గుద్దుకు పదిమంది గాల్లోకి ఎగరడం లేదు. నటించినవాళ్ళలో చాలామంది ఆ వాడవాళ్ళే, అంతకుముందు కెమెరా ఎదట నిలబడి ఎరగనివాళ్ళు. కథ, దర్శకత్వం వెంకటేష్ మహా అనే కుర్రవాడిది. అతనికదే మొదటి సినిమా. న్యూయార్కు భారతీయ చిత్రోత్సవం దాకా వెళ్ళొచ్చింది. 2021లో ‘కేరాఫ్ కాదల్’ పేరుతో అరవంలోకీ పోయింది.

ఇన్ని మంచి మాటలు చెప్పి మళ్ళీ తగువెందుకూ అంటారా? మంచి వంటలోనే కదండీ ఉప్పు తక్కువైతే నోటికి తెలిసేది! చద్దన్నానికి ఎవరు పేరు పెడతారు?

విశాఖపట్నం అంటే బీచిరోడ్డు, రామకృష్ణా మిషన్ ఒడ్డు, కైలాసగిరి అని సినిమావాళ్ళకు ఎప్పుడో ఖాయమైపోయింది. కంచరపాలెం ఆ విశాఖ కాదు. రైలు పట్టాల పక్కన ఊరు. పాలిటెక్నికూ, ఐ.టి.ఐ.యూ, పారిశ్రామికవాడా, షిఫ్టు డ్యూటీ దిగి సైకిలు నడిపించుకుంటూ వచ్చే మనుషులూ. మెట్టు మీద ఒకళ్ళ భుజమ్మీద ఒకళ్ళు చెయ్యి వేసుకున్నట్టుండే ఇళ్ళు. ఒకింట్లో పోపు వేస్తే మూడో ఇంట్లో తుమ్ముతారు. అలాంటిచోట ప్రేమ అంటే ఇద్దరి వ్యవహారం కాదు, వీధి వ్యవహారం. ఆ సంగతి పట్టుకున్నాడు ఆ రచయిత. ‘ఏటి?’ అనే పలకరింపుని హాస్యగాడికి వదిలెయ్యకుండా, ప్రేమించేవాడి నోట్లో పెట్టాడు. ఉత్తరాంధ్ర మాటని నవ్వులాటకు తప్ప వాడని సినిమాల మధ్య ఇది చిన్న పని కాదు.

చూడనివాళ్ళుంటే క్షమించాలి, కథ చెప్పకుండా తగువు సాగదు. సినిమాలో నాలుగు జంటలు. బడిపిల్లలు సుందరం, సునీత. అమ్మోరు అనే వస్తాదు దగ్గర పనిచేసే జోసెఫ్, బ్రాహ్మల పిల్ల భార్గవి. మందు దుకాణంలో సీసాలందించే ‘గడ్డం’, రోజూ వచ్చి సీసా కొనుక్కుపోయే సలీమా. ఆమెవి ముసుగులోంచి కళ్ళు తప్ప మరేమీ కనబడవు. ఒళ్ళమ్ముకుని బతికే మనిషని తరవాత తెలుస్తుంది. నాలుగో జంట, గవర్నమెంటాఫీసులో అటెండరు రాజు, అదే ఆఫీసుకి ఆఫీసరుగా వచ్చిన ఒరియా ఆవిడ రాధ. ఆయనకి నలభై తొమ్మిది, పెళ్ళి కాలేదు. ఆవిడకి నలభై రెండు. భర్త పోయాడు, ఎదిగిన కూతురుంది.

ఈ నాలుగు కథలూ జడపాయల్లాగా ఒకదాని మీదుగా ఒకటి సాగుతాయి. ఏది ఏ కాలంలో జరుగుతోందో మనకు అనుమానం రాకుండా జాగ్రత్తపడ్డాడు రచయిత. చివరికొచ్చి ముడి విప్పుతాడు. ఆ నలుగురు మగవాళ్ళూ నలుగురు కారు, ఒక్కడే! చిన్నప్పటి సుందరమే జోసెఫ్, జోసెఫే గడ్డం, గడ్డమే మన రాజు.

హాల్లో చప్పట్లు. అంతా ఆ మలుపు గురించే మాట్లాడారు, రాసినవాళ్ళు దాని గురించే రాశారు. నేనుమాత్రం వేళ్ళు మడిచి లెక్క చూసుకున్నాను. మగవాళ్ళు నలుగురూ కలిసి ఒక నిండు మనిషయ్యారు. ఆడవాళ్ళు మాత్రం నలుగురూ నలుగురుగానే ఉండిపోయారు. అప్పటిదాకా కథలో చెరిసగం వాటా ఉందనుకున్న సునీత, భార్గవి, సలీమా ఒక్క మాటతో రాజుగారి జీవితంలో మూడు అధ్యాయాలైపోయారు. కోడలి నగలు అత్తగారి బీరువాలో చేరినట్టు!

సునీతను తండ్రి దూరం పంపించేశాడు. భార్గవి ఇంట్లోవాళ్ళ ఒత్తిడికి మెడ వంచి మరొకడిని కట్టుకుంది. సలీమా చచ్చిపోయింది. పంపించెయ్యడం, పెళ్ళి చేసెయ్యడం, చంపెయ్యడం! ఆడదాన్ని కథలోంచి తప్పించాలంటే మన రచయితలకు తెలిసిన సందులు ఎప్పుడూ ఈ మూడే. నేనూ కలం పట్టుకునేదాన్నే కనక ఆ సందులు ఎక్కడెక్కడున్నాయో తెలిసే అంటున్నాను.

‘అయ్యో, అది రాజు కథ కదండీ! రాజు కథలో భార్గవి కాపురం ఎందుకు?’ అని అడుగుతారు. అలాగైతే మొదటినుంచీ రాజు కథ అని చెప్పి మొదలుపెట్టొచ్చుగా? అలా చెప్పలేదు. నాలుగు జంటలని నమ్మించాడు. నమ్మాం కనకనే ఆ ఆడపిల్లల కోసం మనం కొంగు తడుపుకున్నాం. మన చేత వాళ్ళ కోసం ఏడిపించి, ఆ కన్నీళ్ళన్నీ పట్టుకెళ్ళి ఆఖర్న రాజు ఖాతాలో జమకట్టడం ఏం న్యాయం?

పైగా చూడండి, రాజుకు పెళ్ళి కాలేదని ఊరంతా ఆరా. అతని ఒంటరితనం మీద మనకు జాలి. సరే, జాలిపడదాం. ఇష్టం లేని తాళి కట్టించుకున్న భార్గవి సంగతో? రాజు ఒంటరిగా గడిపిన ఆ ఏళ్ళన్నీ ఆవిడ ఎవరింట్లోనో జంటగా గడిపింది. రెండింటిలో ఏది బరువో తూచడానికి తక్కెడైనా బయటికి తియ్యలేదు సినిమా. కంచరపాలెం ఆడవాళ్ళ మాటలో అడగాలంటే, ‘మరా పిల్ల ఏటైపోనాది?’ అంతే నా ప్రశ్న. పెళ్ళయిపోయిందంటే ఆడదాని కథ కంచికి వెళ్ళిపోయిందనుకుంటారు మగ రచయితలు. మనకు అసలు కథ మొదలయ్యేదే అక్కడ.

ఈ రచయితకు చేతకాక వదిలేశాడని అనలేను. చేతనవునని రాధే సాక్ష్యం. రాధకు జీతం ఉంది, హోదా ఉంది, వెనక ఒక కాపురం గడిచింది, పక్కన కూతురుంది, వద్దనడానికి తోడబుట్టినవాడున్నాడు. తన కింద పనిచేసే అటెండరుని మెచ్చినప్పుడు అందులో ఎంత సాహసముందో ఆఫీసుల్లో పనిచేసే ఆడవాళ్ళని అడగండి. తెలుగు సినిమాలో నలభై దాటిన ఆడదానికి అమ్మ వేషమో, వదిన వేషమో తప్ప ప్రేమించే యోగం ఎక్కడుందండీ? హీరోకి యాభై దాటినా పక్కన పాతికేళ్ళ పిల్ల గంతులు వెయ్యాలి! అలాంటిచోట నలభై రెండేళ్ళ విధవావిడ ఒకరిని చూసి నవ్వితే కథ కదిలింది. ఆ సినిమాలో నాకు మిగిలింది ఆ నవ్వే, ఆ మలుపు కాదు. ఒక ఆడమనిషిని ఇంత నిండుగా రాయగలిగిన చెయ్యి మిగిలిన ముగ్గురినీ ఎందుకు మధ్యలో జారవిడిచిందన్నదే నా తగువు.

ఇంకెలా రాస్తారు అంటారా? నాలుగు ప్రేమలు, ఒక్క మగవాడు అన్న ఇదే సామగ్రిని తిరగేసి, ఒక్క మగవాడి ప్రేమకు నలుగురు ఆడవాళ్ళు ఏమయ్యారో రాసిన మనిషి ఉంది. జపాను దేశంలో. ముకోదా కునికో ఆవిడ పేరు.

1929లో టోక్యోలో పుట్టింది. సినిమా పత్రికలో పనిచేస్తూ రేడియోకీ, టెలివిజన్‌కీ రాయడం మొదలుపెట్టింది. 1974లో ‘తెరౌచి కన్‌తారో’ కుటుంబం కథ రాసింది. రాళ్ళు చెక్కే వృత్తి, ముక్కుమీద కోపం గల తండ్రి. ఇంటిల్లిపాదీ తిట్టుకుంటూ కొట్టుకుంటూ కలిసి తింటుంటారు. మన ఇళ్ళే అనుకోండి! 1979లో అక్కడి ప్రభుత్వ ప్రసార సంస్థ ఎన్.హెచ్.కె.కి ‘అషూరా నో గోతోకు’ రాసింది. ‘అసురల్లాగ’ అని అర్థం. ఆ అసురులు మనవాళ్ళే, బౌద్ధంతోపాటు సముద్రం దాటి వెళ్ళారు.

కథేమిటంటే, డెబ్బై ఏళ్ళ తండ్రికి వేరే చోట ఒక ఆడమనిషీ, ఒక పిల్లవాడూ ఉన్నారని కూతుళ్ళకు తెలుస్తుంది. కూతుళ్ళు నలుగురు. పెద్దది భర్త పోయి, పువ్వుల అలంకరణ నేర్పుకుంటూ బతుకుతోంది. తండ్రిని తప్పుపట్టే ఆవిడే పెళ్ళయినవాడితో స్నేహంలో ఉంది. రెండోది గృహిణి, తన మొగుడి మీదా అనుమానమే. మూడోది గ్రంథాలయంలో పని, పెళ్ళి కాలేదు, తండ్రి సంగతి బయటపెట్టింది తనే. నాలుగోది బాక్సింగు కుర్రవాడితో కాపురం. తల్లికి తెలుసా తెలియదా? ఆవిడ నోరు విప్పదు. ఇల్లు తుడుచుకుంటుంది, అందరికీ వడ్డిస్తుంది. ఒకరోజు ఆ రెండో ఇంటి దగ్గర్లోనే కుప్పకూలిపోతుంది. తెలుసన్నమాట! అన్నాళ్ళూ తెలుసు.

తప్పు చేసింది తండ్రి. కాని కథ తండ్రి వెంట పోలేదు. ఆయన ఆ ముసలితనంలో ఎందుకు ప్రేమించాడో, ఎంత ఒంటరివాడో చెప్పడానికి ఎపిసోడ్లు ఖర్చు చెయ్యలేదు. ఆయన చేసిన పని ఒక్కొక్క కూతురి ఇంట్లో ఏ గిన్నె ఎలా దొర్లించిందో చూపించింది. అట్లా అని ఆడవాళ్ళని దేవతలనూ చెయ్యలేదు. అబద్ధాలాడతారు, అసూయపడతారు, తిండి దగ్గర పోట్లాడుకుంటారు, మరుక్షణం పగలబడి నవ్వుతారు. పేరులోనే అసురలని ఉందిగా!

ఆవిడ పెళ్ళి చేసుకోలేదు. చెల్లెలితో కలిసి చిన్న భోజనశాల కూడా నడిపింది. 1980లో కథలకు అక్కడి నావోకి బహుమతి వచ్చింది. మరుసటి ఏడాది ఆగస్టులో తైవాన్‌లో విమానం కూలి పోయింది, యాభై ఒకటో ఏట. 1982 నుంచి ఆవిడ పేరు మీదే అక్కడ టెలివిజన్ రచయితలకు బహుమతి ఇస్తున్నారు. రచయితలకండీ, నటులకు కాదు! ఆ అక్కచెల్లెళ్ళ కథని 2003లో సినిమా తీశారు, 2025లో కోరే-ఎదా అనే పెద్ద దర్శకుడు మళ్ళీ సీరీస్ తీశాడు. నలభై ఆరేళ్ళ తరవాత కూడా చెల్లుబాటయింది.

ఆవిడ రాసింది టీవీకే సుమా. మన దగ్గరేమో ‘టీవీ సీరియల్ నిండా ఆడవాళ్ళే కదా, ఇంకేం కావాలి మీకు?’ అంటారు. అవును, ఉన్నారు. పట్టుచీర కట్టుకుని నిద్రలేచే ఆడవాళ్ళు! కోడలి పాలల్లో ఏదో కలిపే అత్తలు. వాళ్ళకు నెలాఖరు ఉండదు, మోకాళ్ళ నొప్పులుండవు, గ్యాసుబండ అయిపోవడం ఉండదు. ఆడవాళ్ళు కనబడుతున్నారు, నిజమే. బతుకుతున్నట్టు మాత్రం కనబడరు.

జపాను దాకా ఎందుకు, మన ఇంట్లోనే ఉంది సరుకు. ఒకప్పుడు తెలుగు సినిమాకి కథలిచ్చింది ఆడవాళ్ళ నవలలు. వారపత్రిక వచ్చేరోజు వీధిగుమ్మంలో కాసుక్కూచున్న తరం ఇంకా మీ ఇళ్ళల్లో ఉండే ఉంటుంది, అడగండి చెబుతారు. కోడూరి కౌసల్యాదేవి ‘చక్రభ్రమణం’ 1964లో తెరకెక్కింది. ఎక్కేసరికి దాని పేరు ‘డాక్టర్ చక్రవర్తి’ అయింది! చక్రం ఆగిపోయి చక్రవర్తి మిగిలాడు. ముప్పాళ రంగనాయకమ్మ ‘బలిపీఠం’ 1975లో వచ్చింది. యద్దనపూడి సులోచనారాణి ‘మీనా’ని 1973లో విజయనిర్మల సినిమా తీసింది, పేరు మార్చకుండా. తీసింది ఆడది కావడం వల్లనేమో! 1981లో డి. కామేశ్వరి ‘కొత్త మలుపు’ని ‘న్యాయం కావాలి’గా తీశారు. అందులో మోసపోయిన పిల్ల ఊరొదిలి పోలేదు, ఉరిపోసుకోలేదు, కోర్టుకెక్కి వాడినే బోనులో నిలబెట్టింది. జనం చూడలేదా? బ్రహ్మాండంగా చూశారు. ఆ నవలల వెల్లువ తీసింది మొదలు కథాచర్చల గదుల్లోంచి ఆడవాళ్ళ గొంతు కూడా తీసేసింది. ఈ రోజుల్లో అక్కడ ఆడవాళ్ళు లేరని కాదు, ఉన్నారు. లెక్కపెట్టడానికి ఒక చేతి వేళ్ళు చాలనిపిస్తుంది నాకు.

విశాఖపట్నం మాట ఎత్తాం కనక మధురవాణిని తలుచుకోకపోతే తప్పు. గురజాడవారి ‘కన్యాశుల్కం’ మొదటిసారి ఆడింది 1892లో, అచ్చయింది 1897లో. మధురవాణిది ఏ వృత్తో అందరికీ తెలుసు. 1909లో పెంచి రాసిన నాటకంలో ఆవిడ విజయనగరం వదిలి విశాఖపట్నం వచ్చి, మగవేషం వేసుకుని వకీలు సౌజన్యారావు పంతులు ఇంటికి వెళ్ళి, చిక్కుపడ్డ వ్యవహారమంతా తన చేత్తో విడదీస్తుంది. పెద్దమనుషులంతా ఆవిడ తెలివి మీద ఆధారపడవలసి వస్తుంది. ఆవిడ చావదు! నూరేళ్ళు దాటిన తరవాత, అదే ఊళ్ళో, అదే వృత్తిలో ఉన్న సలీమాని మాత్రం ప్రేమించిన పాపానికి చంపేశారు. ఆవిడ చచ్చిపోతే గడ్డానికి దుఃఖం వస్తుంది, ఆ దుఃఖం కథకి కావాలి. బతికుంటే ఏం చెయ్యాలో రచయితకు తోచలేదు. గురజాడ మగవాడు కాదా? రావిశాస్త్రిగారు మగవాడు కాదా? విశాఖ కోర్టు వరండాల్లో తిరిగి, సారా కేసుల్లో ఇరుక్కున్న ఆడవాళ్ళని వాళ్ళ మాటతోనే మాట్లాడించలేదా? కనక మగవాడు రాయలేడన్న వాదన నాది కాదు. నేను ఒప్పుకోను కూడా. చూపు తిప్పితే చాలు, రాయొచ్చు.

ఇక్కడ ఒక తమాషా ఉంది. సలీమాగా చచ్చిపోయిన ప్రవీణ పరుచూరే ఆ సినిమా నిర్మాత. అమెరికాలో డాక్టరు. అంటే డబ్బు పెట్టింది ఒక ఆడమనిషి, గుండెలు బాగుచేసే ఆడమనిషి. తెర మీద ముసుగేసుకుని కళ్ళతోనే మాట్లాడి వెళ్ళిపోయింది. అయితే ఆవిడ అక్కడితో ఆగలేదు, 2025లో ‘కొత్తపల్లిలో ఒకప్పుడు’కి తనే దర్శకత్వం వహించింది. మహాగారి తరవాతి పెద్ద సినిమా 2020లో వచ్చిన ‘ఉమామహేశ్వర ఉగ్రరూపస్య’. అది మలయాళం కథకు తెలుగు. అరకులోయ బాగా చూపించాడు, నటులూ బాగా చేశారు, కాని మళ్ళీ ఒక మగవాడి రోషమే కథ. అవతలివాడిని కొట్టేదాకా చెప్పులు తొడగనంటాడు! 2022లో ‘మోడరన్ లవ్ హైదరాబాద్’ అని కొన్ని చిన్న కథల సీరీస్ వస్తే దాని దర్శకుల్లో ఇతనూ ఒకడు. అదే ఏడాది టోక్యో పేరుతోనూ ఒకటి వచ్చింది. అక్కడివాళ్ళకూ మనవాళ్ళకూ ఒకే గొడుగు పట్టారన్నమాట. గొడుగు ఒకటే అయినప్పుడు కింద నిలబడే ఆడవాళ్ళు తడవకుండా చూసే పూచీ కూడా ఒకటే కావాలి కదా!

‘చిన్న సినిమా పాపం, వదిలెయ్యండి’ అని ఒకావిడ నాతో అంది. పాపం ఎందుకు? అలా జాలిపడటం ఆ రచయితకు అవమానం. వందల కోట్ల సినిమాని నేను ఏమీ అడగను. అక్కడ అడిగి ప్రయోజనం లేదు, అది సంతలో బొమ్మ. మనిషిని మనిషిగా చూడటం తెలిసినవాణ్ణే కదా, ఇంకొంచెం చూడు నాయనా అని అడగబుద్ధేస్తుంది!

మహాగారూ, మీకు కొత్త కథేమీ ఇవ్వక్కర్లేదు, మీ దగ్గరున్నదే ఇంకా పూర్తి కాలేదు. రాజు పెళ్ళి జరిగిన మర్నాడు మొదలుపెట్టండి. నలభై తొమ్మిదేళ్ళ అటెండరు ఆఫీసరమ్మని పెళ్ళాడితే ఆ వార్త కంచరపాలెంలో ఆగుతుందా? పట్టాలు దాటి మర్రిపాలెం, గోపాలపట్నం పోతుంది. అక్కడ ఏ క్వార్టర్సులోనో భార్గవి ఉండొచ్చు. యాభైకి దగ్గరపడ్డ మనిషి, కాస్త ఒళ్ళు చేసి, మోకాళ్ళ నొప్పితో. కొడుకు హైదరాబాదులో ఉద్యోగం చేస్తుంటాడు, కూతురికి సంబంధాలు చూస్తుంటారు. వాటిలో ఒక కుర్రాడు కులం కానివాడై ఉండొచ్చు కూడా, ఆ మాట కూతురు ఇంకా ఇంట్లో చెప్పి ఉండదు. రైతుబజారులో వంకాయలు ఏరుతుంటే ఎవరో అంటారు, ‘జోసెఫని ఉండీవోడు, ఎరికేనా? ఆడికి పెళ్ళయిపోనాదట!’

భార్గవి ఏరిన వంకాయల్ని ఏం చేస్తుంది? తూకం వేయిస్తుందా, అక్కడే వదిలేస్తుందా? ఇంటికెళ్ళి ఆయనకు కాఫీ ఇచ్చేటప్పుడు చెయ్యి వణుకుతుందా? వణకకపోతే, ఎందుకు వణకలేదు? ఆయనకు జోసెఫ్ సంగతి తెలుసా? తెలిసీ ఇన్నేళ్ళూ అడక్కుండా ఊరుకున్న మంచివాడా, లేక అడగవలసినప్పుడల్లా అడిగినవాడా? ఆ రాత్రి కూతురు మంచం దగ్గరికొచ్చి, ‘అమ్మా, ఒక మాట చెప్పాలి’ అంటే ఈ భార్గవి ఆ మాట ఎలా వింటుంది?

ఆ జవాబులు మీకు తెలియకపోతే ఫర్వాలేదు. కంచరపాలెం మెట్టు మీద ఏ గుమ్మం ముందైనా ఒక సాయంకాలం కూర్చోండి, చెప్పేవాళ్ళు బోలెడుమంది ఉన్నారు. మొదటి సినిమాకి మనుషుల్ని అక్కడినుంచే కదా తెచ్చుకున్నారు?